ఆగం పార్టీ

మా ఆయన పెట్టిన పార్టీ అసలు పేరు జనతోడు. ఆ పేరు ఇప్పుడు మా ఇద్దరికీ తప్ప ఎవరికీ గుర్తులేదు. కొండాపూర్‌లో ఎవరినడిగినా "ఆగం పార్టీయా? గా గడ్డం సారుదేనా?" అని నవ్వుతారు. వాళ్లు నవ్వితే నాకు ఒళ్లు మండుతుంది. ఆయన్ని చూసి నవ్వుకునే హక్కు నాది. ఇన్నేళ్ల కాపురం చేసి సంపాదించుకున్నాను.

నేను పుణ్యవతిని, బడిలో తెలుగు టీచర్ని. మావారు చలపతిరావు గారు సహకార శాఖలో సూపరింటెండెంటుగా రిటైరయ్యారు. మాది రేపల్లె దగ్గర పల్లెటూరు. ఉద్యోగాల కోసం హైదరాబాదు వచ్చి, సగం జీవితం అద్దె కొంపల్లో గడిపి, చివరికి కొండాపూర్‌లో ఉద్యోగుల కాలనీలో ఇల్లు కట్టుకున్నాం. అప్పట్లో అక్కడికి బస్సు కూడా సరిగ్గా వచ్చేది కాదు. చుట్టూ బండరాళ్లు, సీతాఫలం చెట్లు, వాటి మధ్య మేసే బర్రెలు. ఆ బర్రెల్లో కొన్ని పోచమ్మవి. మాకు పాలు పోసేది ఆవిడే.

పోచమ్మది కొండాపూర్ పాత ఊరు, మేకలబండ అనే బస్తీ. గట్టి గొంతు. గేటు దగ్గర "టీచరమ్మా" అని పిలిస్తే మా వీధి చివర కుక్క లేచి నిలబడేది. పాలు పోసే లోపు ఊళ్లో సంగతులన్నీ చెప్పేసేది. ఒకరోజు మాత్రం నోరు మెదపకుండా పాలు పోసింది. నుదుటి మీద గుడ్డ కట్టుకుని ఉంది.

"ఏమైంది పోచమ్మా?" అని అడిగారు మావారు పేపర్ పక్కన పెట్టి.

"ఏమైతది సారూ? ట్యాంకర్ కాడ కొట్లాటైంది. బిందె తగిలింది. మా బస్తీల బోరింగు ఎండిపాయె. ట్యాంకరోడు ఇష్టమున్ననాడు వస్తడు. వచ్చిన్నాడు గిట్ల తలకాయలు పగులుతయి."

అంతే. ఆ రోజు ఆయన టిఫిన్ తినలేదు. ఆయనకు అర్జీల మీద అపారమైన నమ్మకం. జీవితమంతా వచ్చిన అర్జీలకు జవాబు రాసిన మనిషి కదా, తను రాస్తే కూడా ఎవరో జవాబు రాస్తారనుకున్నారు. మేకలబండకు కుళాయి కావాలని ఎన్ని ఆఫీసులు తిరిగారో నాకు తెలియదు. చివరికి ఒక ఆఫీసులో ఎవరో పెద్దమనిషి ఆయన్ని కుర్చీలో కూడా కూర్చోబెట్టకుండా, "మీ వెనక ఏ పార్టీ ఉందండీ?" అని అడిగాడట.

"నా వెనక ఎవరూ లేరండీ" అన్నారట ఈయన.

"అయితే ఎలాగండీ?" అన్నాడట ఆ పెద్దమనిషి.

ఇంటికొచ్చి చొక్కా విప్పకుండా వరండాలో నిలబడి, "పుణ్యం, నా వెనక పార్టీ లేదటోయ్. అయితే ఒకటి పెట్టేద్దాం" అన్నారు. షుగరు పరీక్ష చేయించుకుని వస్తాను అన్నంత మామూలుగా అన్నారు. నేను తాలింపు వేస్తూ సరేలెండి అన్నాను. మొగవాళ్లు రిటైరయ్యాక ఏదో ఒకటి అంటూ ఉంటారు.

ఈయన అన్నంత పనీ చేశారు. ఆయన్ని ఎగదోసినవాడు లింగమూర్తి. కొండాపూర్ ఊరి మొదట్లో కిరాణా కొట్టు. పుట్టింది, పెరిగింది అక్కడే. సాయంత్రం అయితే చాలు, మావారు ఆ కొట్టు ముందు బెంచీ మీద కూర్చుని లింగమూర్తితో టీ తాగాల్సిందే. లింగమూర్తి ఆయన్ని "రావ్ సాబ్" అనేవాడు, ఆయన లింగమూర్తిని "తమ్ముడూ" అనేవారు. సొంత తమ్ముడితో కూడా అన్ని కబుర్లు చెప్పుకోలేదు ఈయన. ఆ కొట్టు పక్క షట్టరే పార్టీ ఆఫీసు అయింది. ఎన్నికల గుర్తుగా బకెట్టు వచ్చింది.

"నల్లా రాకముందే బకెట్టొచ్చింది తియ్యి" అంది పోచమ్మ. మేం కుళాయి అనేదాన్ని వాళ్లు నల్లా అంటారు. ఆ తర్వాత మా ఇంట్లో కూడా నల్లాయే అయింది.

ఇక గోడ మీద ఏం రాయాలన్నది సమస్య. ఈయన రోజూ వరండాలో పచార్లు చేసేవారు. ఒక పొద్దున వంటింట్లోకి పరుగెత్తుకొచ్చి, "దొరికింది! జనతోడుకు ఓటేద్దాం, ఇక మనం ఆగము!" అని చెయ్యి పైకెత్తారు. చెయ్యి తగిలి పోపుల డబ్బా కింద పడింది. బాగానే ఉంది, ఆవాలు ఏరండి అన్నాను.

గోడలు రాసే ఐలయ్య వచ్చాడు. లింగమూర్తి కొట్టు ఎదురు గోడే మొదటి గోడ. నిడివి తక్కువ గోడ అది.

"గింత రాస్తే పట్టదు సారూ. జర కురచ చెయ్యాలె."

"సరే. మనం తీసెయ్. ఆగము కూడా వద్దు, ఆగం అని రాయి. జనం మాట్లాడేలా ఉండాలి."

ఐలయ్య కుంచె పట్టుకుని ఆయన ముఖంలోకి చూశాడు. "ఇక ఆగం. గిట్లనే రాయాల్నా సారూ?"

"అలాగే రాయవయ్యా. పెద్ద అక్షరాలు. ఎర్ర రంగు."

"మల్ల నన్ననొద్దు."

"నిన్నెందుకంటానయ్యా!"

"రాస్త తియ్యి. నాదేం పోతది" అని నిచ్చెన ఎక్కాడట ఐలయ్య. ఒక్క గోడతో ఆగలేదు. గోపన్‌పల్లి దాకా, నానక్‌రామ్‌గూడ దాకా, సున్నం కొట్టిన గోడ కనిపిస్తే చాలు రాసేశాడు. 'జనతోడుకు ఓటేద్దాం. ఇక ఆగం!'

మర్నాడు పోచమ్మ పాలు పోస్తూ నవ్వీ నవ్వీ సగం పాలు నేల మీద పోసింది.

"టీచరమ్మా, సారుకు దిమాక్ ఖరాబైందా ఏంది? మాకు ఓటెయ్యిండ్రి, ఇగ మీరు ఆగమే అని ఎవడన్న గోడ మీద రాసుకుంటడా?"

నాకు అప్పుడు వెలిగింది. ఆగం అంటే మాకు, ఆగిపోం అని. ముందుకే వెళ్తాం అని. ఇక్కడివాళ్లకు ఆగం అంటే పాడైపోవడం, చెల్లాచెదురైపోవడం. పంట పోతే ఆగమైనం అంటారు. పిల్ల తప్పిపోతే ఆగమాగం అయినం అంటారు. ఇన్నేళ్లుగా ఈ ఊళ్లో ఉంటూ, రోజూ ఆ మాట వింటూ, మా ఇద్దరికీ తట్టలేదు. ఆయనకు చెబితే ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"మేం ఆగిపోము అని దానర్థం పోచమ్మా! తుడిపించేస్తాను" అని చెప్పులు వేసుకున్నారు.

పోచమ్మ నవ్వడం ఆపింది. "తుడుపుడెందుకు సారూ? మాట అబద్ధమేం గాదు గద. పొలాలు పాయె. బాయిలెండె. బర్రెలు మేసే గుట్ట మీద అద్దాల మేడ లేస్తున్నది. మేం ఆగమే. ఇన్నేండ్లల్ల ఏ పార్టోడన్న గా మాట రాసిండా?"

ఇంతలో లింగమూర్తి సైకిలు మీద రొప్పుతూ వచ్చాడు. "రావ్ సాబ్! గోడ మీద చెయ్యి పెట్టకుర్రి. గోడ కాడ జనం జాతర లెక్క ఉన్నరు. పార్టీల చేరనీకి సంతకం ఏడ పెట్టాలె అని అడుగుతున్నరు!"

అలా మొదలైంది. మా కాలనీవాళ్లు ఆ మాటను ఒక అర్థంలో చదివారు, ఊరివాళ్లు ఇంకో అర్థంలో చదివారు. రెండు రకాలవాళ్లూ మా బకెట్టు వెనకే నడిచారు. ఈయన మీటింగుల్లో "ఆగం!" అని అరిస్తే కాలనీ పెద్దలు పిడికిలి ఎత్తేవారు, బస్తీ ఆడవాళ్లు ఘొల్లున నవ్వి చప్పట్లు కొట్టేవారు. ఆయనకు రెండూ సంతోషమే. ఆయన సంతోషం చూసి నాకూ సంతోషంగానే ఉండేది. అబద్ధం ఎందుకు చెప్పాలి? ఆఫీసులో ఎవరికీ కనపడకుండా బతికిన మనిషి, ఇప్పుడు రోడ్డు మీద నడిస్తే షేర్ ఆటోవాళ్లు బ్రేకు వేసి నమస్తే పెడుతున్నారు.

ఒక్కటే చిక్కు. ఈయనకు కాదు అనడం రాదు. ఎవరేం అడిగినా సరే అనేవారు. ఆటోవాళ్లు స్టాండు అడిగారు, సరే. ముసలివాళ్లు పింఛను అడిగారు, సరే. ఎవరో పెళ్లిళ్లకు ఉచితంగా షామియానా అన్నారు, అదీ సరే. ఒకరోజు మీటింగులో పోచమ్మ లేచి, "సారూ, బర్రెలకు దవాఖాన?" అంది. "తప్పకుండా పోచమ్మా! గేదెలకు ఆసుపత్రి!" అన్నారు మైకులో. ఆ రోజు ఇంటికొచ్చాక గట్టిగా పట్టుకున్నాను.

"మీరేమైనా కుబేరులా? రేపు గేదె నొప్పులు పడితే మన వరండాలో కట్టేస్తారు."

"అడిగినప్పుడు వాళ్ల ముఖం చూడాలి పుణ్యం నువ్వు" అన్నారు. ఆ ముఖాలు నేనూ చూశాను.

మా అమ్మాయి కిరణ్మయి కంప్యూటర్ కోర్సు చేసి, మాదాపూర్‌లో కొత్తగా లేచిన అద్దాల మేడలో ఉద్యోగంలో చేరింది. మొదటి రోజు వచ్చి సంబరంగా చెప్పింది. "నాన్నా, మా ఆఫీస్ కింద ఫౌంటెన్ ఉంది. సూపర్‌గా ఉంది, డే అంతా నీళ్లు ఎగురుతూనే ఉంటాయి."

పాపం, అది మామూలుగానే చెప్పింది. ఆయన మాత్రం అన్నం ముద్ద కంచంలో పెట్టేశారు. ఆ సాయంత్రమే మేకలబండలో మీటింగు. నేనూ వెళ్లాను. ఆడవాళ్లు ఖాళీ బిందెలు బోర్లించుకుని వాటి మీదే కూర్చున్నారు. ఆయన వాళ్లను చూసి మైకు అందుకున్నారు.

"మేకలబండలో నల్లా తిరిగేదాకా నేను గడ్డం గీసుకోను! ఇది నా మాట!"

జనం ఈలలు వేశారు. లింగమూర్తి ఆయన్ని భుజాల మీదికి ఎత్తుకున్నాడు. నేను మాత్రం నెత్తి కొట్టుకున్నాను. ఆయన గడ్డం సంగతి నాకు తెలుసు కదా. ఒకచోట దట్టంగా, ఒకచోట పలుచగా, ఎలుకలు కొరికిన దుప్పటిలా ఉంటుంది.

తొంభై ఏడులో వార్డు ఎన్నికలు వచ్చాయి. ఊరే ఆశ్చర్యపోయింది. కొండాపూర్ వార్డులో లింగమూర్తి గెలిచాడు. చుట్టుపక్కల ఇంకొందరు బకెట్టు గుర్తు మీద గెలిచారు. గులాలు చల్లుకుంటూ ఊరేగింపు మా ఇంటి ముందు నుంచి పోయింది. ఆయన గడ్డం నిండా గులాలు. జీపు మీద నుంచి నన్ను చూసి చెయ్యి ఊపారు. పెళ్లినాడు కూడా నన్ను అంత సంబరంగా చూడలేదు. ఆ రోజు నేను ఏడ్చాను, ఎందుకేడ్చానో చెప్పలేను.

పెద్ద పార్టీలవాళ్లు మా ఇంటికి రావడం మొదలైంది. తెల్ల కార్లు, తెల్ల చొక్కాలు. "మీ వెనక ఏ పార్టీ ఉందండీ?" అని ఎవరూ అడగలేదు ఈసారి. మాతో కలవండి అని అడిగారు. ఈయన కాఫీ ఇచ్చి పంపించేవారు. "జనతోడు ఎవరిలోనూ కలవదు" అనేవారు గడ్డం నిమురుకుంటూ. ఎవరేం అడిగినా సరే అనే మనిషి, ఆ ఒక్క విషయంలో మాత్రం కాదు అనడం నేర్చుకున్నారు.

కానీ నల్లా రాలేదు. లింగమూర్తి రోజూ మున్సిపాలిటీకి పోయేవాడు, రోజూ వచ్చేవాడు. "మనం నలుగురం, వాళ్లు మస్తు మంది. మన మాట ఎవరింటరు రావ్ సాబ్?" అనేవాడు బెంచీ మీద కూలబడి. ఒక ఎండాకాలం పోయింది. అద్దాల మేడ పక్కన ఇంకొకటి లేచింది. మేకలబండకు ట్యాంకరే దిక్కు. ఆటోస్టాండు రాలేదు, పింఛన్లు రాలేదు, గేదెల ఆసుపత్రి సంగతి చెప్పనే అక్కర్లేదు. మొదట గోపన్‌పల్లి మెంబరు అధికార పార్టీలో చేరాడు. ఆ తర్వాత నానక్‌రామ్‌గూడ మెంబరు. మీటింగు పెడితే ముందు వరుసలో పోచమ్మ, వెనక నేను, మధ్యలో ఖాళీ కుర్చీలు. గోడల మీద ఎర్ర అక్షరాలు వెలిసిపోయాయి. వాటి మీద కంప్యూటర్ కోర్సుల పోస్టర్లు అంటించారు.

గడ్డం మాత్రం పెరిగింది. కిరణ్మయి స్నేహితులు ఇంటికొస్తే, "మీ డాడీ స్వామీజీయా?" అని అడిగారట. "నాన్నా, ప్లీజ్, కనీసం ట్రిమ్ చేయించుకో" అని బతిమాలింది. ఆయన వినలేదు. రాత్రిళ్లు గోక్కుంటూ ఉంటే నేను కొబ్బరినూనె రాసేదాన్ని. రాస్తూ తిట్టేదాన్ని. తిడుతూనే రాసేదాన్ని.

తొంభై తొమ్మిది మొదట్లో ఒక పొద్దున పేపర్ తెరిచి ఆయన అలాగే ఉండిపోయారు. నేను వెనక నుంచి తొంగి చూశాను. ఫొటోలో లింగమూర్తి. మెడలో అధికార పార్టీ కండువా. పక్కన ఎవరో నాయకుడు చెయ్యి కలిపి నవ్వుతున్నాడు. లింగమూర్తి మాత్రం నవ్వలేదు.

"ఒక్క మాట చెప్పలేదు పుణ్యం" అన్నారు. "నిన్న సాయంత్రం కూడా కలిసే టీ తాగాం. ఒక్క మాట చెప్పలేదు."

ఆ రోజుతో పార్టీ అయిపోయింది. షట్టరు దించేశారు. ఆయన ఆ రోడ్డున నడవడం మానేశారు. కందిపప్పు అయిపోతే నేను ఆ కొట్టు దాటుకుని చౌరస్తా దాకా పోయి తెచ్చేదాన్ని. వేరే కొట్టు పప్పు ఉడకదు, అయినా లింగమూర్తి కొట్టు గడప తొక్కకూడదని ఆర్డరు. ఎదురుపడితే లింగమూర్తి, "నమస్తే వదినా" అనేవాడు. నేను చీర కొంగు సర్దుకుంటూ పోయేదాన్ని. నాకూ కోపం తక్కువేం కాదు. మా ఆయన్ని నేను ఏమన్నా అంటాను, ఇంకొకళ్లు ఏడిపిస్తే మాత్రం ఊరుకోను.

సాయంత్రాలు ఆయన వరండాలో ఒక్కరే కూర్చునేవారు. పక్కన కుర్చీ ఖాళీగా ఉండేది. టీ ఇస్తే చల్లారేదాకా చేతిలో పట్టుకునేవారు. "గడ్డమైనా తీసెయ్యండి, ఇంకెందుకు?" అని ఒకసారి అన్నాను. "నల్లా రాలేదుగా" అన్నారు. పార్టీ పోయింది, స్నేహితుడు పోయాడు, ఆ మాట ఒక్కటే మిగిలింది ఆయనకు. అది కూడా పోతే ఏమైపోతారో అని నాకు భయంగా ఉండేది.

ఎండలు ముదురుతుండగా మేకలబండ వైపు పైపుల లారీ పోయింది. తవ్వకాలు మొదలయ్యాయి. దుమ్ము మా వరండా దాకా వచ్చేది. ఆయన లేచి కిటికీ రెక్క మూసేశారు.

"అది లింగమూర్తి పార్టీ నల్లా" అన్నారు. "నాది కాదు."

నల్లా ప్రారంభించే రోజు బ్యాండు మోత మా ఇంటిదాకా వినిపించింది. ఎవరో పెద్దాయన వచ్చి తిప్పాడట, శిలాఫలకం మీద ఎవరెవరి పేర్లో ఉన్నాయట. మాకు పిలుపు లేదు. ఆయన పేపర్ ముఖానికి అడ్డం పెట్టుకుని కూర్చున్నారు. ఎంతసేపటికీ పేజీ తిరగలేదు. బ్యాండు ఆగిపోయాక గేటు చప్పుడైంది.

"టీచరమ్మా!"

పోచమ్మ. నెత్తిన నిండు బిందె. కొత్త చీర సగం తడిసిపోయింది. వెనకాల చేతిలో పెట్టెతో సెలూన్ రంగనాథ్. ఇంకా వెనక, గేటు బయటే ఆగిపోయి, లింగమూర్తి.

పోచమ్మ బిందెను వరండాలో ఆయన కాళ్ల దగ్గర దించింది. నీళ్లు తొణికి ఆయన పాదాల మీద పడ్డాయి.

"మొదటి బిందె మైసమ్మకు పోసినం. రెండోది నీకు. కూసో సారూ, గడ్డం తీపిచ్చుకో."

ఆయన పాదాలు వెనక్కి తీసుకున్నారు. "వద్దు పోచమ్మా. ఆ నల్లా మన పార్టీ తేలేదు."

"నల్లా తిరిగేదాకా అన్నవా, మన పార్టీ తెచ్చేదాకా అన్నవా?"

ఆయన పేపర్ మళ్లీ ముఖానికి అడ్డం పెట్టుకున్నారు.

"నేను బిందె మీదనే కూసున్న గద ఆ దినం. నా చెవులతోని విన్న. మేకలబండల నల్లా తిరిగేదాకా అన్నవ్. తిరిగింది. ఇగో నీళ్లు."

"పార్టీని అమ్మేసి తెచ్చిన నీళ్లు" అన్నారు ఆయన. గేటు వైపు చూడకుండానే అన్నారు. లింగమూర్తి తల దించుకున్నాడు.

పోచమ్మ నడుం మీద చెయ్యి పెట్టుకుంది. "గాయన్నెందుకంటవ్? గాయన్ను పొమ్మన్నది నేను."

నేను వింటున్నది నిజమేనా అనిపించింది. ఆయన పేపర్ కింద పెట్టేశారు.

"అవును, నేనే. వాళ్లు లింగమూర్తిని పిలిచి, మా దిక్కు వస్తే ఎండలు ముదిరేలోపట నల్లా ఇస్తమన్నరు. గాయన మా బస్తీకొచ్చి ఏడ్సిండు. రావ్ సాబ్‌ను ఇడిసి పోలేనమ్మా, ముఖం చూపియ్యలేను అని ఏడ్సిండు. మేమందరం కూసోని మాట్లాడినం. పో, సారుకు నేను చెప్త అన్న. పొద్దుగాల పాలు పోసేటప్పుడు రోజూ చెప్దామనుకున్న. నీ ముఖం చూసి నోరు రాలే. గిది నా తప్పు, గాయనది గాదు."

రంగనాథ్ పెట్టె తెరవాలా వద్దా అని నా వైపు చూశాడు. మావారు బిందెలోకి చూస్తూ కూర్చున్నారు. ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి.

"మంచి పనే చేశారు పోచమ్మా" అన్నారు. "నన్నడిగి ఉంటే చేయనిచ్చేవాణ్ని కాదు. సరే, నల్లా వచ్చింది. కానీ ఇక నాకేం ఉంది? పార్టీ పోయింది. మనుషులు పోయారు. అంతా..." అని ఆగి, "అంతా ఆగమైపోయింది" అన్నారు.

ఆ మాటను ఆయన వాళ్ల అర్థంలో అనడం అదే మొదటిసారి. పోచమ్మ ఆయన్ని ఎగాదిగా చూసింది. నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు.

"గోడ మీద రాపిచ్చింది నువ్వే గద సారూ. ఆగం అంటే ఏంది అని నేనడిగితే, మేం ఆగిపోము పోచమ్మా, గదీ దానర్థం అన్నవ్. మేం ఆగమైనోళ్లమే, అయినా నీ ఎంబడి నడిస్తిమి. మరి నువ్వెందుకు ఆగినవ్?"

ఆయన తలెత్తి ఆమెను చూశారు. తర్వాత లేచి, స్టూలు తానే జరుపుకుని, దాని మీద కూర్చుని, "రంగనాథ్, కానివ్వవయ్యా" అన్నారు.

పోచమ్మ చెంబుతో నీళ్లు ముంచి ఆయన గడ్డం తడిపింది. కత్తెర ఆడుతుంటే తెల్ల వెంట్రుకలు గుత్తులుగా వరండాలో రాలాయి. సబ్బు నురగ, కత్తి, మళ్లీ నీళ్లు. ఇన్నేళ్లు నేను తిట్టిన గడ్డం అది. పోతుంటే మాత్రం చీపురు తెచ్చి కూడా ఊడవలేకపోయాను. నురగ కడిగేశాక కనిపించిన ముఖం బాగా చిక్కిపోయి ఉంది. ఈ మనిషి ఇంత దిగులు మోశాడని నాకు ఆ గడ్డం కనపడనివ్వలేదు.

ఆయన చెంపలు తడుముకున్నారు. గేటు వైపు తిరిగారు.

"అక్కడే నిలబడతావేంటయ్యా తమ్ముడూ? లోపలికి రా. నీ కొట్టు మానేసినప్పటి నుంచి మా ఇంట్లో పప్పు ఉడకడం లేదు."

లింగమూర్తి గేటు తీసుకుని వచ్చాడు. వచ్చి ఖాళీ కుర్చీలో కూర్చోలేదు, మెట్టు మీద కూర్చున్నాడు. ఆయన చెయ్యి పట్టి లేపి కుర్చీలో కూర్చోబెట్టారు. నేను లోపలికి పోయి అందరికీ టీ పెట్టాను. పోచమ్మ తెచ్చిన నీళ్లతోనే పెట్టాను.

టీ తెచ్చేసరికి ముగ్గురూ తలలు దగ్గర పెట్టుకుని మాట్లాడుకుంటున్నారు.

"నానక్‌రామ్‌గూడల పాత ఊరి దిక్కు ఇంక ట్యాంకరే రావ్ సాబ్" అంటున్నాడు లింగమూర్తి. "నేను లోపట్నుంచి చూస్త. మీరు బయట్నుంచి జర గట్టిగ అడుగుర్రి."

"అడుగుదాం. ఎందుకడగం? పార్టీ లేకపోతే నోరు లేదా?" ఆయన గ్లాసు పక్కన పెట్టి, చెయ్యి పైకెత్తారు. ఆ చెయ్యి నాకు బాగా తెలుసు. "పుణ్యం, ఇటు విను. నానక్‌రామ్‌గూడలో నల్లా తిరిగేదాకా నేను..."

"గడ్డం అన్నారంటే చంపేస్తాను" అన్నాను.